భార్య పేరున పాస్

రైల్వే పాస్ మురిగిపోతోందంటే నాగేంద్రకు ప్రాణం విలవిల్లాడేది. ఏడాదికి దొరికే ఉచిత ప్రయాణాన్ని వాడకుండా వదిలేయడం వాళ్ళ తాతల కాలం నుంచీ ఆ ఇంట్లో పాపం కింద లెక్క. అందుకే కట్టుకున్న భానుప్రియను ఇంట్లోంచి గెంటేశాక కూడా, ఏటా పాస్‌లో ఆమె పేరు రాయించడం మానలేదు. ఆ పేరు మీద స్వాతిని విశాఖపట్నం తీసుకెళ్ళేవాడు. స్వాతి పేరు రాయిద్దామంటే ఆమె ఇంకా పెళ్ళాం కాలేదు మరి. టికెట్లు చూసేవాడు మన స్టాఫే కదా అని నవ్వేసేవాడు. అయినా వెళ్ళిన మూడుసార్లూ స్వాతిని దారి పొడవునా "భానూ" అనే పిలిచాడు. ఎంత ముందుచూపో మహానుభావుడిది.

గెంటేయడమంటే మాటవరసకు కాదు. భానుప్రియ పెట్టె వరండాలో పడేసి క్వార్టర్‌కు కొత్త తాళం వేశాడు. మూడేళ్ళయ్యాక ఫ్యామిలీ కోర్టుకెళ్ళి, ఆమే తనను వదిలేసి పోయిందనీ, అప్పట్నుంచి ఒక్కరోజైనా కలిసి లేదనీ ప్రమాణం చేసి చెప్పాడు. తాళం సంగతికి సాక్ష్యం లేదు. విడాకులు వచ్చేశాయి. స్వాతి పెళ్ళిచీర కూడా కొనుక్కుంది. ఇంతలో భానుప్రియ హైకోర్టులో అప్పీలు వేసింది.

నాగేంద్ర ఒక్క సంగతి మరిచిపోయాడు. భానుప్రియ తండ్రి అప్పలస్వామి ముప్పై ఏళ్ళు పాసులు రాసి రిటైరైన గుమాస్తా. ఇప్పుడంతా కంప్యూటర్లయినా, ఎక్కడ అర్జీ పెడితే ఏ నకలు బయటికొస్తుందో ఆయనకు తెలుసు. మూడు పాసుల నకళ్ళూ హైకోర్టు బల్ల మీదికి చేరాయి.

ఆ రోజు పెద్ద జడ్జి అక్కడి భాషైన హిందీలో నిదానంగా అడిగాడు. ఈ మూడు ప్రయాణాల్లో నీతో వచ్చినదెవరు?

నాగేంద్ర తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాడు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. భార్యే అంటే వదిలేసిందన్న మాట అబద్ధమై విడాకులు పోతాయి. ఇంకో ఆడదంటే దొంగ పాస్ వాడినందుకు ఉద్యోగానికే ఎసరు. అతని వకీలు మనీష్ ఫైల్లోంచి తల ఎత్తలేదు. వెనక బెంచీలో స్వాతి కూర్చుని ఉంది. నాగేంద్ర అటు చూడకుండా, నా భార్యే సార్ అన్నాడు.

భానుప్రియను అడిగారు. ఆమె తడుముకోలేదు. నిజమే, గెంటేసినవాడే పిలిస్తే వెళ్ళానని చెప్పింది. కింది కోర్టు తీర్పు కొట్టేశారు.

కోర్టు గేటు బయట స్వాతి, చకర్‌భాటా ఊరి వైపు నుంచి వస్తున్న ఆటోను ఆపింది.

"అచ్ఛా. అయితే నేను సముద్రం సూడనేలేదన్నమాట," అంది.

"నౌకరీ పోయేది స్వాతీ."

"భానూ అని పిలువు. అలవాటే కదా."

ఆటో వెళ్ళిపోయింది. అప్పుడే భానుప్రియ గేటు దాటి బయటికొచ్చింది. నాగేంద్ర మంటంతా ఆమె మీదికి మళ్ళింది.

"నువ్వెప్పుడొచ్చినావు నాతోటి? అబద్ధమెందుకు సెప్పినావు?"

"నువ్వు ముందు సెప్పినావు. మొగుడి మాట కాదనకూడదు గదా."

"ఇప్పుడేటి, కాపురానికొచ్చేస్తావా?"

"నీ కొంపకా? సచ్చినా రాను."

"నీకూ లేక, ఇంకోదానికీ లేక, ఏటి సాధించావే?"

"అదే," అంది భానుప్రియ. తాళం వేసిన తలుపు ముందు పెట్టె మీద కూర్చుని తెల్లవార్లూ ఏడ్చిన మనిషి. ఇప్పుడామె కళ్ళు పొడిగా ఉన్నాయి. "పెళ్ళయిన తొమ్మిదేళ్ళలో ఇశాకపట్నం తీసుకెల్లమంటే ఎన్నిసార్లు డ్యూటీ అన్నావు? నా పేరు సెప్పుకుని దాంతో మూడుసార్లు ఎల్లొచ్చీసినావు. రేపు పాస్ రాయించు. నా ఒక్కదానికే. ఇకమీద ఏటేటా."

నాగేంద్ర ఆ సాయంత్రం నుంచి స్వాతికి ఫోను చేస్తూనే ఉన్నాడు. ఆమె ఎత్తలేదు. రాయించకపోతే భానుప్రియ జడ్జి దగ్గరికెళ్ళి అసలు సంగతి చెప్పేస్తుందేమోనన్న భయం రాత్రంతా పీకుతూనే ఉంది.

మర్నాడు ఆఫీసుకెళ్ళి పాస్‌కు రాసిచ్చాడు. భానుప్రియ, భార్య, విశాఖపట్నం. గుమాస్తా కాగితం చూసి, ఈసారి నువ్వు వెళ్ళడం లేదా అని అడిగాడు.

డ్యూటీ ఉంది, అన్నాడు నాగేంద్ర.