నేల తంగేడు పప్పు

మా ఊరి తూర్పు బీడును ప్లాట్లు వేయించాలని ప్రెసిడెంటు హనుమంతయ్యకు బుద్ధి పుట్టింది. నేను కూరకు తంగేడు పూలు కోసుకునేది అక్కడే. అది పోతే ఏం వండుకోను, నా తలకాయా?

"రాత్రికి మా ఇంట్లో తిను నాయనా. ఆ బీడు ఎందుకు పనికొస్తదో నీకే తెలుస్తది" అని పిలిచాను. ఊరకే వచ్చే తిండి ఆయన వదులుతాడా? ఇద్దరు వార్డు మెంబర్లను కూడా వెంటేసుకొస్తానన్నాడు.

నా మోకాళ్ళు వంగవు. పక్కింటి షకీలాను పంపాను. బీడులోంచి ఫోన్ చేసి, "ఏం కొయ్యాలి పిన్నీ?" అంది.

"నేల మీద రాలినయ్యి ముట్టుకోబాక. తంగేడు కొయ్యి" అన్నాను. మా ఊరి సిగ్నలు సంగతి చెప్పేదేముంది!

సంచి నిండా పసుపు రేకులు, లేతాకు తెచ్చింది. నా కళ్ళలో శుక్లాలు. పసుపుగా ఉంటే చాలు, నాకు తంగేడే. కందిపప్పులో వేసి, చింతపండు పిసికి, వెల్లుల్లితో ఘాటుగా తాలింపు పెట్టాను. ముగ్గురూ కలిసి గిన్నె ఊడ్చేశారు. నాకు గరిటెడు కూడా మిగల్చలేదు.

హనుమంతయ్య వేళ్ళు నాకి, బ్రేవ్‌మని తేన్చి, "పప్పు పప్పే, ప్లాట్లు ప్లాట్లే అత్తా. రేపు ఏడింటికి కొలతలు" అన్నాడు. ఒళ్ళు మండిపోయింది. సచ్చినోడికి తిన్న మొహమాటమైనా లేదు!

పొద్దున వాళ్ళు టేపుతో బీడులో దిగారు. పోట్లాడటానికి షకీలాను తీసుకుని నేనూ వెళ్ళాను. పది గజాలు కొలిచారో లేదో, ఒక మెంబరు పొట్ట పట్టుకుని పొద చాటుకు పరిగెత్తాడు. రెండో ఆయన టేపు పారేసి ఇంకో పొదలో దూరాడు.

"అత్తా, నువ్వు అటు తిరుగు!" అని హనుమంతయ్య కూడా మాయమయ్యాడు.

షకీలా మొహం పాలిపోయింది. "పిన్నీ, నువ్వు నేల తంగేడే గదా కొయ్యమంది?"

"ఓసి నీ దుంప తెగ! అది విరేచనాల మందే!"

"నాకు 'నేల... తంగేడు కొయ్యి' అనే ఇనపడింది!"

నవ్వు ఆపుకోలేక కూలబడ్డాను. పొదలోంచి కేక వినిపించింది.

"అత్తా! చెంబుడు నీళ్ళు పంపు!"

"ఈ పొదలు కొట్టేసి ప్లాట్లేస్తే ఎటు పోయేవాడివి నాయనా?"

పొదలోంచి ముందు చప్పుడొచ్చింది, వెనకే మాటొచ్చింది.

"సరే, బీడు జోలికి రాను!"

"మెంబర్లు గూడా చెప్పాల."

"రామంటున్నాం గదా తల్లీ!" మూడు పొదలూ ఒక్కసారే మొత్తుకున్నాయి.

షకీలాను మూడు చెంబుల నీళ్ళకు పంపాను. ఈసారి చెవి పట్టుకుని మరీ చెప్పాను.