తప్పొప్పుల చీటీ

మా ఆఫీసులో నన్ను భూతద్దం అంటారు. నా ఎదురుగా అనరు. అన్నా నాకు కోపం రాదు. ఇరవై ఆరేళ్ళుగా ఖగోళశాస్త్రం పుస్తకాలకు ప్రూఫులు దిద్దుతున్నాను. ఎవరినైనా ఇట్టే నమ్మేసేవాళ్ళు ఈ పనికి పనికిరారు. ఇక్కడ కామాను కూడా అనుమానించాలి. కొత్తగా చేరినవాళ్ళకు మొదటిరోజే ఒక మాట చెబుతాను: "అంకె మీద అనుమానమొస్తే దిద్దకండి. పక్కన ప్రశ్న గుర్తు పెట్టండి. రాసినవాళ్ళని అడగండి."

ఈసారి వచ్చిన పుస్తకం మా మరదలిది. మా తమ్ముడి భార్య కొండ మీది వేధశాలలో పరిశోధకురాలు. వెలుగు పెరుగుతూ తరుగుతూ ఉండే నక్షత్రాలు ఆరువందల దాకా తీసుకుని, ఒక్కొక్కటి ఎన్ని రోజులకోసారి నిండుగా వెలుగుతుందో తొమ్మిదేళ్ళపాటు కొలిచి పట్టిక వేసింది. ఈ పుస్తకం అచ్చయితేనే అక్కడ ఆమె ఉద్యోగం ఖాయమవుతుంది. లేకపోతే ఈ ఏడాదితో సరి.

ఆ పిల్లంటే నాకు గిట్టదని కాదు, అంతుపట్టదు. పైవాటాలో వాళ్ళు, కిందివాటాలో నేను. పెళ్ళయి ఏడేళ్ళైనా ఒక్కసారి కూడా నాకు ఎదురు చెప్పలేదు. ఏమన్నా "మీరు చెప్పారంటే నిజమే అయ్యుంటుంది వదినా" అంటుంది. ఇంత మెత్తదనం మనుషులకు ఉంటుందా? నాకు మాత్రం అందులో ఏదో తిరకాసు కనబడేది.

మొదటి ప్రూఫులో నలభై ఒక్క తప్పులు పట్టాను. అనుమానం వచ్చిన చోటల్లా మా అలమరలోని పాత పట్టికతో సరిచూశాను. అది ముప్పై ఏళ్ళ కిందట అదే వేధశాలలో ఒక పెద్దాయన వేసింది. అచ్చువేసింది మేమే. నక్షత్రాలకు ఆయన వేసిన వరస నంబర్లే మా మరదలూ వాడింది. ఆ దిద్దుబాట్లన్నీ ఎక్కాక రెండో ప్రూఫు ఒక ప్రతి మా మరదలికి వెళ్ళింది, ఇంకొకటి నా బల్ల మీదికి వచ్చింది.

ఆ సాయంత్రం నుంచే ఆమె మళ్ళీ కొండెక్కడం మొదలుపెట్టింది. ఫ్లాస్కు, శాలువా, ఒక నోటుబుక్కు. వరసగా మూడు వారాలు.

"పుస్తకం రాయడం అయిపోయింది కదరా, ఇంకా కొండ మీద ఏం పని?" అని తమ్ముణ్ణి అడిగాను.

"ఏదో చూసుకోవాలందక్కా."

"ఏం చూసుకోవాలో నువ్వడగలేదా?"

"నాకు సూర్యుడూ చంద్రుడూ తప్ప మూడోది తెలీదు. అడిగి ఏం చేసుకోను?"

వీడు వట్టి వెర్రిబాగులవాడు. నిప్పు లేనిదే పొగ రాదు కదా. తొమ్మిదేళ్ళు కొలిచానన్న మనిషి ఇప్పుడు హడావిడిగా కొలుస్తోందంటే, ముందు కొలవనివి ఉన్నాయన్నమాట. అచ్చుకు ముందు బొంతలో చిల్లులు కుట్టుకుంటోంది. అలా అనుకున్నాక నాకు నిద్ర పట్టలేదు. రెండో ప్రూఫు పక్కన పాత పట్టిక పెట్టుకుని వరసగా చూశాను. ఎక్కడ చూసినా అంకెలు దగ్గరదగ్గరగానే ఉన్నాయి. నక్షత్రం ఒకటే అయితే అంకె కూడా ఒకటే వస్తుందన్న ఇంగితం నాకప్పుడు లేదు.

పాత పట్టిక గురించి ఇంకేమైనా దొరుకుతుందేమోనని శుక్రవారం పొద్దున్నే గ్రంథాలయానికి వెళ్ళాను. వాళ్ళ ప్రతి మా ప్రతికన్నా బాగుంది. చివరి అట్ట లోపల, మా ప్రతిలో ఎప్పుడో ఊడిపోయిన చీటీ ఒకటి అంటించి ఉంది. తప్పొప్పుల పట్టిక. అందులో ఒక్కటే వాక్యం: "412వ నక్షత్రం: 17.43 రోజులు అన్నచోట 14.73 అని చదువుకోవాలి."

ఆఫీసుకు పరుగెత్తి రెండో ప్రూఫు తీశాను. 412వ నక్షత్రం. 17.43 రోజులు.

పరీక్షలో ఇద్దరి ఒప్పులు కలిస్తే ఎవరూ ఏమీ అనరు. ఇద్దరి తప్పూ ఒకటే అయితే కాపీ కొట్టినట్టే. ఆ పెద్దాయన పుస్తకంలో అచ్చుతప్పు మా మరదలి దూరదర్శినిలో ఎలా కనబడింది? నాకు సంతోషం వేసింది. దాచడమెందుకు, ఏడేళ్ళ నా అనుమానం నిజమైనందుకు ఒళ్ళంతా తేలికైంది. రెండు పేజీల ఉత్తరం రాశాను. అందులో "దొంగతనం" అన్న మాట వాడాను. తీసుకెళ్ళి ఎడిటరు గారి బల్ల మీద పెట్టాను.

ఆయన నిదానస్తుడు. కొంప అంటుకుంటోందన్నా కళ్ళజోడు తుడుచుకున్నాకే లేస్తారు. చదివి, "మీ మరదలే కదండీ?" అన్నారు.

"బంధుత్వం బంధుత్వమే, పని పనే సార్."

"సరే. ఆవిణ్ణి రమ్మందాం. ఈలోగా మూలప్రతి కూడా చూద్దాం" అని ఆమెకు ఫోను చేసి, ఆయనే లేచి అలమర తెరిచారు.

మా మరదలు రాసిచ్చిన మూలప్రతిలో 412 దగ్గర 14.73 అని ఉంది.

ఆయన మొదటి ప్రూఫు తీశారు. 14.73 మీద ఎర్రగీత. పక్కన 17.43. కింద నా పొడి సంతకం. ప్రశ్న గుర్తు లేదు.

పట్టపగలే చుక్కలు కనబడటమంటే ఏమిటో నాకప్పుడు తెలిసింది. పాత పట్టిక చూసి, ఈ పిల్లే అంకెలు అటూ ఇటూ వేసిందనుకుని, అడక్కుండా దిద్దేశాను. ఇంకెవరిదైనా అయితే అడిగేదాన్నే. నలభై ఒకటిలో ఇదొకటి. దిద్దినట్టు గుర్తు కూడా లేదు. గురివింద గింజ సామెత ఊరికే పుట్టలేదు.

అరగంటకి మా మరదలు వచ్చింది. కళ్ళ కింద నల్లటి చారలు. చేతిలో తన రెండో ప్రూఫు, ఆ నోటుబుక్కు.

"నేనే వద్దామనుకుంటున్నా సార్. 412 దగ్గర ఒక మాట చెప్పాలి." నన్ను చూసి ఒక్క క్షణం తటపటాయించింది. "వదిన దిద్దారు. ఆవిడ దిద్దారంటే కారణముంటుంది, నేనే పొరబడ్డానేమో అనుకున్నా. అందుకే మూడు వారాలు మళ్ళీ చూశాను. ఒకసారి నిండుగా వెలిగాక పదిహేనో రోజుకే మళ్ళీ నిండుగా వెలిగింది. పద్దెనిమిదో రోజుకి మసకబారిపోయింది. 14.73 అన్నదే కరెక్టు. ఏమనుకోకండి వదినా."

ఆ ప్రూఫు మార్జిన్లో, 17.43 పక్కన, పెన్సిలుతో చిన్న ప్రశ్న గుర్తు ఉంది. నేను అందరికీ నేర్పే గుర్తు.

ఆమె చూపు బల్ల మీది ఉత్తరం మీద పడింది. నా చేతిరాత ఆమెకు తెలుసు. ఎడిటరు గారు దాన్ని మెల్లగా ఫైలు కిందికి తోయబోయారు. అలా తోసేస్తే ఇంటికెళ్ళి ఆ పిల్ల మొహం జన్మలో చూడలేననిపించింది. నేనే తీసి ఆమె చేతికిచ్చాను.

"చదువమ్మా. నేను రాసిందే."

నిలబడే రెండు పేజీలూ చదివింది. సంచిలోంచి పెన్సిలు తీసి, "దొంగతనం" అన్న మాట పక్కన మార్జిన్లో ప్రశ్న గుర్తు పెట్టి, ఉత్తరం నాకు తిరిగిచ్చింది.

"ముందు నన్నడగాల్సింది" అంది.

సిగ్గుతో తల వాలిపోయింది. క్షమించమన్నాను. ఆ మాట సరిగ్గా బయటికి వచ్చిందో లేదో తెలియదు. చేసేదేమీ తోచక ఎర్రపెన్ను తీసి, 412 దగ్గర చెయ్యి ఆపాను.

"14.73 వెయ్యమంటావా అమ్మా?"

"వెయ్యండి" అంది.

వదినా అనలేదు.