న్యూటన్ రెండోసారి పుట్టిన రోజు

ఇరవై రెండేళ్ళుగా ఆ ఇంట్లో భోజనాల బల్లకి ఒక చివర అన్నం గిన్నె, రెండో చివర ప్రపంచ చరిత్ర ఉంటున్నాయి. పేపర్లో రోజూ వచ్చే ‘ఇదే రోజున’ శీర్షిక రాసేది అత్తగారే. నెలకొకటి చొప్పున పన్నెండు చెప్పుల పెట్టెలు, ఒక్కొక్క పెట్టెలో రోజుకో కవరు. “ఇంటినిండా చెప్పుల పెట్టెలే, నా కాళ్ళకి మాత్రం ఒక్కటే జత” అని మామగారు వచ్చినవాళ్ళందరి దగ్గరా వాపోతుంటారు.

రోజుకి ఐదు సంగతులు. నాలుగు కవర్లోవి, ఐదోది ఏటేటా కొత్తగా వెతికి పట్టుకోవాలి. రెండు పుస్తకాల్లో కనబడితే తప్ప ఏదీ కాగితమెక్కదు. ఒకసారి ఎక్కడో ఒక వంతెన తెరిచిన తేదీ కోసం ఆవిడ మూడు గ్రంథాలయాలు తిరిగి, చివరికి దొరకలేదని వదిలేసి వచ్చారు. అంత తిరిగాక అలా వదిలేయడానికి ఎంత నిబ్బరం కావాలో, ఆ పనిలో చెయ్యి పెట్టాక గాని కోడలికి తెలియలేదు.

డిసెంబరు ఆఖర్లో అత్తగారి కంటికి శుక్లం ఆపరేషన్ అయింది. పది రోజులు అక్షరం వంక చూడొద్దన్నాడు డాక్టరు. ఆవిడ నెలాఖరు దాకా ముందే రాసి పంపేసి, జనవరి పెట్టె కోడలి ముందుకి తోశారు. “కంగారేం లేదమ్మాయ్. పప్పులో రాళ్ళు ఏరినట్టే. తొందరపడకపోతే చాలు.”

జనవరి నాలుగో తేదీ కవరు విప్పితే బ్రెయిలీ పుట్టుక, బర్మా స్వాతంత్ర్యం, అంగారకుడి మీద దిగిన బండి, ఇంకేదో ఉన్నాయి. ఐదోదిగా కోడలికి న్యూటన్ దొరికాడు. అదీ రెండు కాదు, మూడు పుస్తకాల్లో! అంత పెద్దమనిషి ఇన్నేళ్ళూ అత్తగారి కంట పడకపోవడమేమిటా అని లోపల్లోపల కాస్త పొంగిపోయింది కూడా.

నాలుగో తేదీ పొద్దున పదింటికి ఎడిటరు ఫోను చేశాడు. తీసింది కోడలే.

“ఏమిటమ్మా ఇది? న్యూటన్ డిసెంబరు ఇరవై అయిదున పుట్టాడని మీ అత్తగారే రాశారు, వేశాం. పది రోజులు తిరక్కుండా ఇవాళ మళ్ళీ పుట్టాడు. రెండో పురుడు ఎవరు పోశారని పాఠకులు అడుగుతున్నారు!”

ఆ డిసెంబరు ఆఖరి వారమంతా ఆస్పత్రి పరుగుల్లో కోడలు పేపరు మడత కూడా విప్పలేదు.

“అసలే ఇవన్నీ కంప్యూటర్లో ఊరికే దొరుకుతాయి, ఈ శీర్షిక ఇంటినుంచి రాయించడం దేనికని మావాళ్ళు గొణుగుతున్నారు. ఇప్పుడిక నేనేమని అడ్డుపడను?” అని పెట్టేశాడు.

గదిలో అత్తగారు నల్ల కళ్ళద్దాలతో కూర్చుని తడుముకుంటూ తువ్వాళ్ళు మడతపెడుతున్నారు. “ఎవరే?”

రాంగు నంబరనేస్తే సరిపోయేది. కోడలి నాలుక చివరిదాకా వచ్చింది ఆ మాట. “ఎడిటరు గారు. నా మూలంగా మీ శీర్షిక పోయేట్టుంది అత్తయ్యా” అని అంతా చెప్పేసింది.

అత్తగారి చేతులు ఆగాయి. “ఏయే పుస్తకాల్లో చూశావు?”

చెప్పింది.

“నీ తేదీ తప్పేం కాదు. నాదీ కాదు. అప్పట్లో ఇంగ్లండు వాళ్ళు పాత కేలండరు పట్టుకు వేలాడుతున్నారు, సముద్రానికి అవతలి వాళ్ళకంటే పది రోజులు వెనక. ఆ పిల్లాడు పుట్టిన పూట ఒడ్డుకి ఇటు డిసెంబరు, అటు జనవరి. తరవాత నూరేళ్ళకి వీళ్ళూ దిద్దుకున్నారనుకో. అప్పటికి తేడా పదకొండు రోజులకి పెరిగింది, సెప్టెంబరు రెండున పడుకున్నవాళ్ళు తెల్లారి పద్నాలుగున లేచారు.”

అంత భయంలోనూ కోడలికి అడగాలనిపించింది. “మధ్యలో పుట్టినరోజులున్నవాళ్ళో?”

“వయసు పెరగలేదని సంబరపడి ఉంటారు.” అత్తగారు నవ్వలేదు. “ఇదంతా నాకు ముందే తెలుసే. ‘పాత లెక్క ప్రకారం’ అని రాస్తే ఇంకో లైను అవుతుందని ఏటేటా మింగేస్తున్నాను. ఆ ఫోను ఇలా తే.”

ఎడిటరుతో ఆవిడ గొంతు పెంచలేదు. “తప్పు నాదే బాబూ. అమ్మాయిది కాదు. రేపు నాలుగు సంగతులే వెయ్యండి. ఐదోదాని చోట నా తప్పు వెయ్యాలి.”

“అలాంటి సవరణలు లోపలి పేజీలో మూలన వేస్తామమ్మా.”

“తప్పు మూలన పడలేదుగా? శీర్షిక తీసేస్తే ఎల్లుండి తీసేయండి. రేపు మాత్రం ఇది పడాలి.”

కోడలు చూస్తూ నిలబడిపోయింది. ఇరవై రెండేళ్ళ చాకిరీ. కూతురి పెళ్ళినాడు కూడా మానని పని. దాన్ని నాలుగు లైన్ల నిజం కోసం, చిల్లర పైసా విసిరినట్టు పందెం ఒడ్డేసిందీవిడ!

సవరణ కోడలే రాసింది. మొదట పదకొండు లైన్లొచ్చింది. అత్తగారు కళ్ళు మూసుకుని వింటూ, వంకాయ ముచ్చిక తీసినట్టు మొదలూ చివరా తీయించి నాలుగుకి తెచ్చారు.

మర్నాడు మళ్ళీ ఎడిటరే ఫోను చేశాడు. పాఠకులు వదలడం లేదట. సవరణలో ఎగిరిపోయాయన్న ఆ పదకొండు రోజులూ ఏమయ్యాయి, జీతాలు, అద్దెలు ఎలా లెక్క కట్టారు అని ఒకటే ప్రశ్నలట. తీసేసే మాట ఈ ఏడాదికి ఎవరూ ఎత్తరన్నాడు. “ఆ కథ మీ కోడలి చేత ఆదివారానికి పెద్దగా రాయిస్తారా అమ్మా?”

“నన్నడుగుతారేం? పక్కనే ఉంది, తననే అడగండి” అంటూ అత్తగారు ఫోను అందించి, మళ్ళీ తువ్వాళ్ళలో పడ్డారు.

కోడలు గొంతు సవరించుకుంది. “రాస్తానండీ. కానీ ఈ ఆదివారానికి కాదు, పై ఆదివారానికి. ఇంకా చూసుకోవాల్సినవి చాలా ఉన్నాయి.”