పచ్చ ఎద్దు

మా ఆయన కంబన్నకు ఒక గుణముంది. ఏ వస్తువునైనా చూపించి "ఇది మీ ఊళ్లో పనికిరాదు" అంటే చాలు, అది ఆయనకు కావాలి. అట్లా మా ఇంటికి ఒక గోడ గడియారం వచ్చింది, అది ఇంతవరకు ఎవరికీ సరైన వేళ చెప్పలేదు. ఒక కొబ్బరి మొక్క వచ్చింది, అది మా రేగడి నేలను చూసి దిగులుతో చచ్చిపోయింది. కర్నూలు రాజధాని అయిన మరుసటి ఏడు యుద్ధ టాంకు వచ్చింది.

నవ్వకండి. నవ్వవలసిన వాళ్లంతా అప్పుడే నవ్వేశారు.

తప్పంతా గరికది. ఆదోని పక్కన మా రేగడికొట్టాల పొలాల్లో గరిక పట్టిందంటే ఇక వదలదు. నాగలికి పైవేళ్లు తెగుతాయి, లోపలివి నవ్వుకుంటూ ఉంటాయి. ఆ రోజుల్లో కర్నూలులో సర్కారు కచేరీలు గుడారాల్లో నడిచేవి. ఏదో భూమి తగాదా పనిమీద పోయిన మా ఆయన, అక్కడ ఒక కంట్రాక్టరు టాంకుతో మిట్టపల్లాలు చదును చేయించడం చూశాడు. యుద్ధం ముగిశాక సర్కారు వేలంలో పోయిన సరుకది. పైనున్న ఫిరంగి, దాని గూడు తీసేసి కింది మొండెం మాత్రమే అమ్మారు. దీనికి పెద్ద మడక కట్టి దున్నితే గరిక వేళ్లతో సహా లేస్తుంది కదా అని మా ఆయన ఆశ. కంట్రాక్టరు మంచివాడే, "రెడ్డీ, మీ రేగట్లో ఇది పనికిరాదు" అని ముందే చెప్పాడు. అక్కడే చెడింది.

టాంకుతో పాటు దాన్ని నడిపే గాబ్రియేలు కూడా వచ్చాడు. నంద్యాల పక్క వాడు, మిషను బడిలో చదువుకున్నాడు, యుద్ధంలో బర్మా పోయి చెడిపోయిన టాంకులు బాగుచేసి వచ్చాడు. సన్నగా, నెమ్మదిగా ఉండే మనిషి. అంత గోల చేసే యంత్రంలో నుంచి అంత మెల్లగా మాట్లాడే మనిషి దిగడం చూసి మా ఊరికి ఆశ్చర్యమేసింది.

టాంకు పచ్చగా ఉంది. ఆకుపచ్చ అనలేము, బురద పచ్చ. మా ఆయన దాని మీద ఎక్కి నిలబడి ఊరంతటికీ వినపడేట్టు అన్నాడు. "ఈసారి ఏరువాక పున్నమికి నా టాంకే తోరణం తెంచుతాది. మర్నాడే చుక్కన్నను ఆదోని సంతకు తోలేస్తా. చెవిటి ఎద్దును మేపేదానికి నా దగ్గర గడ్డి ల్యా."



చుక్కన్న మా తెల్ల ఎద్దు. నుదుట గోధుమ రంగు చుక్క ఉంటుంది. వాడి తల్లి ఈనిన వెంటనే చనిపోతే, నేనే గుడ్డను పాలలో ముంచి చప్పరింపించి పెంచాను. వాడి చెవులకు వయసు వచ్చింది. "హో" అంటే ఆగడు, "హై" అంటే కదలడు. ముసలి ఎద్దును సంతలో ఎవరు కొంటారో, కొని ఎక్కడికి తోలుకుపోతారో నాకు తెలుసు, మా ఆయనకూ తెలుసు. తెలిసీ ఆ మాట అన్నందుకు ఆయనకు ఆ పూట అన్నంలో నెయ్యి వెయ్యలేదు.

వాడిని కాపాడడానికి ఒక్కటే దారి. ఏరువాక పున్నమి నాడు మా ఊరి వాకిట రెండు కంబాల మధ్య గోగునార తోరణం కడతారు. మధ్యలో బెల్లం, కొబ్బరి మూట వేలాడుతుంది. ఎద్దులను పరుగెత్తిస్తారు. ఏ ఎద్దు తోరణం తెంచుతుందో దాని రంగును బట్టి ఆ ఏటి పంట. తెల్లది తెంచితే తెల్లజొన్న, పత్తి. ఎర్రది తెంచితే కొర్ర, వేరుశనగ బుడ్డలు. అందరూ ఆ ప్రకారమే విత్తనం తీస్తారు. తోరణం తెంచిన ఎద్దును ఇక అమ్మకూడదు. చచ్చేదాకా మేపి, పొలంలోనే పూడ్చాలి. చుక్కన్న వయసులో ఉన్నప్పుడు కూడా ఎప్పుడూ గెలవలేదు. వాడు పరుగు మధ్యలో ఆగి చుట్టూ చూసే రకం.

టాంకు పరుగులో చేరవచ్చా అన్న మాట మీద ఊరి పెద్ద సుంకప్ప మామ మా అరుగు మీద పంచాయితీ పెట్టాడు. నేను తలుపు పక్కన కూర్చుని చాటలో జొన్నలు చెరుగుతూ చెవులు అటే పెట్టాను.

"పరిగెత్తేది ఎద్దులు. ఇది ఎద్దేనా?" అన్నాడు సుంకప్ప మామ.

"అసలు ఇది ఆడదా మగదా, అది చెప్పండి ముందు" అంది పక్కింటి సోమక్క. ఎద్దు ఈనిందంటే గాటికి కట్టెయ్యమనే మనిషి ఆమె.

అందరూ నవ్వారు. గాబ్రియేలు మాత్రం నవ్వలేదు.

"మంచి మాటే అడిగినావు అవ్వా. మొదట్లో టాంకుల్లో ఆడవీ మగవీ ఉండె."

చాట నా చేతిలో ఆగిపోయింది.

"నిజమప్పా. అసలు ఇది పుట్టింది సేద్యానికే. అమెరికాలో బురద నేల దున్నేదానికి చక్రాలకు ఇనుప పట్టాలు తొడిగి ఒక యంత్రం చేసినారు. ఆ మొదటి పెద్ద యుద్ధంలో ఇంగ్లీషువాళ్లు దాన్ని చూసినారు. జర్మనీవాళ్లు కందకాలు తవ్వి, ముళ్లతీగ కట్టి కూసోనుంటే ఎవరూ దాటలేకపోతాండ్రి. అట్లాంటి పట్టాల మీద ఇనుప పెట్టె పెట్టి, లోపల మనుషుల్ని కూసోబెట్టి తోలినారు. ఫిరంగులు ఉండేది మగది. ఉత్త మరతుపాకులు ఉండేది ఆడది. కాగితాల మీదే అట్లా రాసుకున్నారు."

"ఎంత జోరుగా పోయేది?" అన్నాడు మా ఆయన.

"మనిషి నడిచినంత. లోపల పొగకు, వేడికి సిపాయిలు సొమ్మసిల్లి పడిపోతాండ్రి. కబురు పంపాలంటే పావురాన్ని బొక్కలోంచి వదిలేది."

"పావురమా!" సోమక్క లేచి టాంకు దగ్గరకు పోయి లోపలికి తొంగిచూసి వచ్చింది. "ఒగటి గూడా ల్యా."

"ఆ తరువాత ఫ్రెంచివాళ్లు పైన తిరిగే తలకాయ పెట్టినారు. ఆ తరువాత జర్మనీవాళ్లు జోరు నేర్పినారు. ఇది అమెరికా బండి. దీంట్లో ఉండేది విమానం ఇంజను."

"అయితే ఎగురుతాదా?"

"ఎగరదవ్వా. తాగుతాది. పెట్రోలు శానా తాగుతాది."

సుంకప్ప మామ గడ్డం గోక్కున్నాడు. "మన దానికి ఫిరంగి ఉండెనా?"

"ఉండె."

"తీసేసినారా?"

"అమ్మేటప్పుడే తీసేసినారు మామా."

"మగదిగా పుట్టె. సేద్యానికని ఉండేది తీసేసిరి." సుంకప్ప మామ తొడ చరిచాడు. "అయితే ఇది ఎద్దే!"

అరుగు మీది మగవాళ్లందరూ ఒక్కసారి కాళ్లు దగ్గరికి ముడుచుకున్నారు. తీర్పు ఖాయమైంది.

మా ఆయన సంతోషానికి పట్టపగ్గాలు లేవు. టాంకు ముందు భాగానికి ఎద్దు కొమ్ములకు పూసే రంగు పూశాడు, గంటలు కట్టాడు. ఎద్దన్నాక దిష్టి తీయాలని నా ప్రాణం తీస్తే పసుపు కుంకుమ పెట్టి హారతిచ్చాను. పట్టాల కింద నిమ్మకాయలు పెట్టమంటే మాత్రం, పెట్రోలు తాగేదానికి నిమ్మరసం ఎందుకని చెప్పి ఇవ్వలేదు. ఊరగాయకు దాచుకున్నవి అవి.

గాబ్రియేలు కొట్టంలో చుక్కన్న పక్కనే పడుకునేవాడు. ఒక సాయంత్రం మజ్జిగ ఇయ్యడానికి పోతే, వాడి గంగడోలు నిమురుతూ కనిపించాడు.

"అమ్మా, టాంకుకు పగవాడు ఫిరంగి కాదు, బురద" అన్నాడు. "ఆ మొదటి టాంకులు గూడా ఫ్రాన్సులో బురదలోనే దిగబడె. రెడ్డికి చెప్తే, బురదకు ఎద్దు భయపడుతాదా అంటాండాడు."

"అయితే వాన పడాలని మొక్కుకో నాయనా."

"నేను తోలేవాణ్ణి గదమ్మా, ఎట్లా మొక్కుకుంటా?" అని మజ్జిగ తాగేశాడు. "మీరు మొక్కుకోండి. నేను అడ్డం రాను."

మొక్కుకున్నాను. మహానందీశ్వరుడికి, అక్కడి నందికి విడివిడిగా మొక్కుకున్నాను. ఎద్దు కష్టం నందికి తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది? పున్నమి ముందురోజు మబ్బు పట్టి, ఊరి వాకిలి బంకమట్టి అయ్యేదాకా వాన దంచికొట్టింది.

మర్నాడు మధ్యాహ్నం ఎండ కాసింది. ఊరంతా వాకిట చేరింది. ఒక వరుసలో ఎద్దులు, కొమ్ములకు రంగులు, మెడల్లో దండలు. చివర మా పచ్చ ఎద్దు, దాని మీద తలపాగా చుట్టుకుని మా ఆయన. దాని పక్కన చుక్కన్న. వాడి పగ్గం నా చేతిలో ఉంది. "ఆడమనిషి పగ్గం పట్టేదేంది?" అని ఎవరో అన్నారు. నేను అటు తిరిగి చూశాను, మళ్లీ అనలేదు.

సుంకప్ప మామ తువ్వాలు ఊపాడు. గాబ్రియేలు ఇంజను రాజేశాడు.

అబ్బ! ఆ చప్పుడు ఎట్లా చెప్పేది? ముందొక తుమ్ము, వెనక నల్లటి పొగ, ఆ తరువాత ఉరుము మీద ఉరుము. ఎద్దులన్నీ ఒక్కసారిగా తోక ఎత్తి వెనక్కి తిరిగాయి. సుంకప్ప మామ ఎర్ర ఎద్దు సోమక్క ఇంట్లో దూరింది, సోమక్క బయటికి దూకింది. ఇంకొక జత వంకలో పడి పరుగెత్తింది. పట్టుకోబోయిన మగవాళ్లు పగ్గాలకు వేలాడుతూ పోయారు. చుక్కన్న కదల్లేదు. చెవిటివాడి ముందు శంఖమూదినట్టు వాడు నిలబడి నెమరేస్తున్నాడు.

టాంకు బయలుదేరింది. మా ఆయన మీసం మీద చెయ్యి వేశాడు. నా కళ్లలో నీళ్లు తిరిగాయి. అయిపోయింది చుక్కన్నా, అనుకున్నాను. తోరణం ఇంకొంచెం దూరంలో ఉందనగా బంకమట్టి దాన్ని పట్టుకుంది. పట్టాలు గిర్రున తిరుగుతున్నాయి, బండి మాత్రం పక్కకు జారుతోంది. జారి జారి కుడి పక్క కంబానికి భుజం ఆనించింది. కంబం ఒరిగింది. తోరణం తెగలేదు, సడలి కిందికి వేలాడింది. టాంకు మట్టిలోకి దిగబడి, పెద్దగా నిట్టూర్చి ఆగిపోయింది. ఆ కుదుపుకు మా ఆయన తలపాగాతో సహా బురదలో పడ్డాడు.

అప్పుడు చుక్కన్న ముక్కు ఎగబీల్చాడు. చెవులు పోయినా ముక్కు పోలేదు వాడికి. నేను పగ్గం వదిలేశాను. వాడు నింపాదిగా నడిచి, మధ్యలో ఆగి చుట్టూ చూసి, టాంకును వాసన చూసి, మా ఆయనను దాటుకుని పోయి బెల్లం మూట నోట పట్టాడు. లాగాడు. తోరణం పుటుక్కున తెగింది.

"చుక్కన్న తెంచినాడు!" అని నేను అరిచిన అరుపు ఆదోని దాకా పోయి ఉంటుంది.

"యాడ తెంచినాడు?" మా ఆయన బురదలోంచి లేచాడు. "కంబాన్ని వంచింది నా టాంకు! అది వంచకుంటే ఈ చెవిటి నాయాలికి అందుతాండెనా? గెలిచింది టాంకే!"

జనం రెండు పక్షాలయ్యారు. వంచినదానిదా గెలుపు, తెంచినదానిదా అని వాదులాట. సుంకప్ప మామ ఎటూ తేల్చలేక మళ్లీ గడ్డం గోక్కుంటున్నాడు. మా ఆయనకు గట్టి గొంతు, పైగా రెడ్డి. మాట అటు మొగ్గుతోందని నాకు తెలిసిపోయింది. చుక్కన్న మెడ చుట్టూ చెయ్యి వేసి నిలబడ్డాను.

"సుంకప్ప మామా, ఒగ మాట" అన్నాను. "టాంకే గెలిచిందనుకుందాం. అది ఎద్దేనని నువ్వే చెప్తివి. దాని రంగేంది?"

"పచ్చ గదమ్మా."

"తెల్లదానికి జొన్న. ఎర్రదానికి కొర్ర. మరి పచ్చ ఎద్దు తెంచితే ఈ ఏడు మన ఊళ్లో ఏం పండుతాది?"

ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. చివరికి సోమక్క నోటి మీద చెయ్యి పెట్టుకుంది.

"అయ్యో శివా. గరిక!"

ఆ మాట వినగానే ఊరు ఊరంతా ఒక అడుగు వెనక్కి వేసింది. గరిక పండే ఏడు! ఎవరో మెటికలు విరిచారు. మా పొలమే అందరికంటే పెద్దది, గరికా అందరికంటే మాకే ఎక్కువ. మట్టి కారుతున్న మొహంతో మా ఆయన టాంకును చూశాడు, చుక్కన్నను చూశాడు, నన్ను చూశాడు.

"అంతా నన్నెందుకు చూస్తాండారప్పా?" అన్నాడు. "తెంచింది చుక్కన్నే. గుడ్డోనికి గూడా తెలుస్తాది."

నేను వాడి మెడ మీద పడి ఏడ్చేశాను. వాడు బెల్లం నమలడం ఆపలేదు.

ఆ ఏడు అందరూ తెల్లజొన్న చల్లారు. టాంకును లాగడానికి ఊళ్లోని ఎద్దులన్నీ కట్టి చూశారు, రాలేదు. గాబ్రియేలు దాని ఇంజను ఊడదీస్తూ, ఊరి బావుల మీది ఆయిలింజన్లు బాగుచేస్తూ మా ఊళ్లోనే నిలిచిపోయాడు. వానలకు టాంకు పట్టాల సందుల్లో, మా ఆయన కూర్చున్న చోట, అంతటా గరిక మొలిచింది. మా ఊరి మొత్తంలో అంత లేత గరిక ఎక్కడా లేదు. రోజూ సాయంత్రం చుక్కన్నను అక్కడికే తోలుకుపోయేదాన్ని.

ఒకరోజు మా ఆయన వచ్చి పక్కన నిలబడ్డాడు. చుక్కన్న మేసే వైపు కాసేపు చూశాడు.

"గరిక పోవాలనే గదా తెస్తి" అన్నాడు చివరికి. "పోతాండాది చూడు."

ఆ మాట వినపడని అదృష్టం చుక్కన్నకు ఒక్కడికే దక్కింది.