నడిమధ్య పడ్డ షటిల్

బ్యాడ్మింటన్ డబుల్స్‌లో ఇంతవరకు ఎవరూ తేల్చని గొడవ ఒకటుంది. ఇద్దరూ పక్కపక్కన నిలబడ్డప్పుడు షటిల్ సరిగ్గా వాళ్ళ నడిమధ్యకి వస్తే అది ఎవరిది? కోచింగ్ పుస్తకాలు ఏదో చెబుతాయి. ఆ పుస్తకాలు రాసినవాళ్ళకి ఆలోచించుకునే తీరిక ఉంది, కోర్టులో మాకు లేదు. నేనూ రోకలీ ఎనిమిదేళ్ళు ఒకే పద్ధతిలో ఆడాం. ఇద్దరం "నాది!" అని అరిచేవాళ్ళం, ఇద్దరం ఎగబడేవాళ్ళం, ముందు అందుకున్నవాళ్ళది షటిల్. ఒక్కోసారి రాకెట్లు రెండూ ఢీకొని ఫ్రేములు చిట్లేవి, పాయింటు పోయేది. తప్పెవరిదని అక్కడే నోళ్ళు లేచేవి. ఆ కోపమంతా తర్వాతి పాయింట్లలో అవతలివాళ్ళ మీద తీర్చుకునేవాళ్ళం.

రోకలి అంటే నా జోడీ. వెనక కోర్టులోంచి స్మాష్ దంచుతుందని ఆ పేరు నేనే పెట్టాను. అది ఊరుకుంటుందా, నాకు ఈగ అని పెట్టింది. నెట్ దగ్గర అవతలివాళ్ళ ముక్కు మీద వాలుతూ లేస్తూ ప్రాణం తీస్తానట. నెట్ దగ్గర నా అంత చేతివేగం ఉన్నవాళ్ళు దేశంలో ఇంకొకరు లేరు. గొప్పలు చెప్పుకుంటున్నాననుకుంటే అనుకోండి, అబద్ధం మాత్రం కాదు.

కలిసే ఎదిగాం. బస్టాండు బెంచీల మీద కిట్ బ్యాగులు తలకింద పెట్టుకుని పడుకున్న రోజుల నుంచి, విమానంలో కిటికీ సీటు కోసం తగువులాడుకునే రోజుల దాకా వచ్చాం. జాతీయ జట్టులో చోటు సంపాదించాం. హోటల్ గదిలో కిటికీ తెరవాలా మూయాలా అన్న దగ్గర్నుంచి ప్రతిదానికీ పోట్లాటే. మా గది పక్క గది ఎవరూ అడిగేవాళ్ళు కారు.

మా అన్నయ్యకి రాకెట్లకు గట్టింగ్ దారాలు బిగించే కొట్టు ఉంది. మేం చిట్లగొట్టుకున్న రాకెట్లు పట్టుకుని రోకలే వెళ్ళేది. మొదట్లో రాకెట్ పాడైతే వెళ్ళేది. తర్వాత తర్వాత బాగున్న రాకెట్ కూడా పట్టుకెళ్ళడం మొదలుపెట్టింది. నెట్ మీద వెంట్రుకవాసిలో పోయే షటిల్‌ని కనిపెట్టేదాన్ని, నా ముక్కు కింద జరుగుతున్న వ్యవహారం కనిపెట్టలేకపోయాను. చివరికి ఇద్దరూ వచ్చి నా ముందు తలలు దించుకుని నిలబడితే పడీపడీ నవ్వాను. అలా నా రోకలి మా వదినైంది.

మా అమ్మ ఆసుపత్రిలో హెడ్ నర్సు. గొంతు పెంచకుండా ఒక్క చూపుతో వార్డంతా నడిపించే మనిషి. "ఇక మీదట పేర్లు పెట్టి పిలవడాలూ, ఒసేయ్ అనడాలూ కుదరవు. వదినా అను, మీరు అను" అంది.

"అది నాకంటే మూడు నెలలు చిన్నదే అమ్మా!"

"వయసుతో పనేముంది? వరస పెద్దది."

సరే, ఇంట్లో అంటే అన్నాను. పెళ్ళయ్యాక మొదటి పెద్ద టోర్నమెంట్‌లో అసలు కొంప మునిగింది. అంపైర్ కుర్చీ కింద మైకు పెట్టారన్న సంగతి నాకు తెలియదు. రోకలి ఒక తేలిక షటిల్ నెట్‌కి కొట్టింది. "ఒసేయ్ మొద్దూ, నిద్రపోతున్నావా? కదలవే!" అన్నాను. అది టీవీలో గంట కొట్టినట్టు వినిపించింది. మన భాష తెలియని వ్యాఖ్యాత ఈ జోడీ ఒకరినొకరు ఎంత బాగా ప్రోత్సహించుకుంటున్నారో చూడండి అని మెచ్చుకున్నాడట. మెచ్చుకోనిది మా అమ్మ ఒక్కతే. ఎందుకంటే ఆ సమయానికి సోఫాలో ఆవిడ పక్కన కూర్చుని ఉన్నది వియ్యపురాలు, అంటే రోకలి వాళ్ళమ్మ.

ఇంటికి రాగానే అమ్మ నన్ను కూర్చోబెట్టింది. "వాళ్ళ పిల్లని మనింటికి తెచ్చుకున్నాం. పదిమందిలో తిట్టించడానికా? మళ్ళీ పల్లెత్తు మాట అననని నాకు మాటివ్వు." ఆవిడ మొహం చిన్నబోయి ఉంది. అది చూడలేక మాటిచ్చేశాను.

ఆ రోజు నుంచి మేం ఓడిపోవడం మొదలుపెట్టాం.

చిత్రంగా ఓడిపోయేవాళ్ళం. స్మాష్‌లు బాగున్నాయి, సర్వీసులు బాగున్నాయి, ఒంట్లో ఓపికకి లోటు లేదు. కానీ నడిమధ్యకి వచ్చిన షటిల్ మాత్రం ఇద్దరి మధ్యా చక్కగా నేలమీద పడేది. ఇద్దరం ఒకళ్ళ మొహం ఒకళ్ళం చూసుకుని "అయ్యో, సారీ" అనుకునేవాళ్ళం. అవతలి జోడీలు ఇది పసిగట్టి ఇక అక్కడికే కొట్టడం మొదలుపెట్టాయి.

మా కోచ్ గారు ఒకప్పుడు సింగిల్స్‌లో పేరున్న ఆటగాడు. సింగిల్స్ ఆడేవాళ్ళకి షటిల్ ఎవరిదన్న సందేహం జన్మలో రాదు. వీడియోలు వేసి చూశారు, మా కాళ్ళ కదలికలు మార్చారు, ఏం లాభం లేకపోయింది. చివరికి ఒకరోజు నన్ను పక్కకి పిలిచారు. "వచ్చే టోర్నమెంట్ మన ఊళ్ళోనే. అందులో సెమీస్‌కి చేరకపోతే జోడీ విడగొట్టేస్తాను. మీ వదినకి జోడీగా, జూనియర్స్‌లోంచి కొత్తగా వచ్చిన ఆ పొడుగు పిల్లని ఇస్తాను."

"మరి నాకో?"

ఆయన తల గోక్కున్నారు. "చూద్దాం."

చూద్దాం అంటే ఏమిటో నాకు తెలుసు. వెనక నుంచి దంచేవాళ్ళకి ఎంత వయసొచ్చినా గిరాకీ ఉంటుంది. నెట్ దగ్గర ఆడేవాళ్ళకి, అందులోనూ ముప్పై దగ్గరపడ్డవాళ్ళకి, జోడీ పోతే ఆట పోయినట్టే. అంతకంటే పెద్ద భయం ఇంకొకటుంది. నా రోకలి ఇంకొకళ్ళ వెనక నిలబడి ఆడుతుంటే గ్యాలరీలో కూర్చుని చూడటం నా వల్ల కాదు.

మర్నాడు గట్టింగ్ కోసం అన్నయ్య కొట్టుకి వెళ్ళాను. మెషీన్‌కి నా రాకెట్ బిగించి, ఫ్రేము అంచు బొటనవేలితో తడిమి మురిసిపోయాడు. "ఈమధ్య మీ ఇద్దరి రాకెట్లకీ ఒక్క గీత కూడా పడట్లేదే. పెళ్ళయ్యాక ఒక్కటి చిట్లితే ఒట్టు. ఎంత బుద్ధిమంతులయ్యారో!"

వాడి వెనక గోడకి మా పాత రాకెట్లు వేలాడుతున్నాయి. ఒక్కోదాని అంచు ఎలక కొరికినట్టు ఉంది. ఆ రాకెట్లతో మేం గెలిచిన కప్పులే ఇంట్లో బీరువా నిండా ఉన్నాయి. నున్నగా మెరుస్తున్న ఈ రాకెట్‌తో ఒక్కటీ గెలవలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది. కోచ్ గారు నెలల తరబడి మా కాళ్ళ వంక చూశారు, నేను నా మణికట్టు వంక చూసుకున్నాను. ఆట చెడింది కాళ్ళ దగ్గరా కాదు, చేతుల దగ్గరా కాదు.

ఇంటికి వెళ్ళేసరికి వదిన వంటింట్లో సింకు దగ్గర మా నీళ్ళ సీసాలు కడుగుతోంది. ముందు గదిలో అమ్మ పేపరు చదువుకుంటోంది.

"మీరు జరగండి వదినా, నేను కడుగుతాను" అన్నాను, నోటికి అలవాటై.

సీసా సింకులో విసిరింది. గొంతు మాత్రం పైకి రానివ్వలేదు. "ఇదిగో, ఈ 'మీరు' ఒకటి! మీ అన్నయ్యని చేసుకున్నాను గానీ నీకేం చచ్చిపోలేదు కదా?"

"మరి నడిమధ్య షటిల్ ఎందుకు వదిలేస్తున్నావు? పోనీ నేనంటే అమ్మకి మాటిచ్చాను."

"నువ్వు ఆడపడుచువి. నీ షటిల్ లాక్కుంటే మూతి ముడుచుకుంటావేమోనని, అత్తయ్యగారు ఏమనుకుంటారోనని. ఇదివరకు నీతో ఎంత పోట్లాడినా నాకు భయం లేదు, మా ఇంటికి నేను పోయేదాన్ని. ఇప్పుడు ఇదే నా ఇల్లు. ఇక్కడ పోట్లాడి ఎక్కడికి పోను?"

కళ్ళు తుడుచుకుంది. నేను మర్యాద ఇస్తున్నాననుకుంటున్నాను, అది తనని పరాయిదాన్ని చేశాననుకుంటోంది. ఇంత దగ్గరగా ఉండి నాకు తట్టనేలేదు.

మర్నాడు ప్రాక్టీసులో ఇవాళ ఎలాగైనా పోట్లాడుకోవాలని కూడబలుక్కుని దిగాం. "ముందు నువ్వు తిట్టు" అంది. "నువ్వే మొదలుపెట్టు" అన్నాను. ఇద్దరికీ నవ్వాగలేదు. కోపం రమ్మంటే వస్తుందా? అమ్మనీ బతిమాలి చూశాను, ఇచ్చిన మాట వెనక్కి తీసుకోనివ్వమని. "తిట్టుకోకుండా గెలవడం చేతకాదా మీకు? నేనూ వస్తాను, ఎలా ఆడతారో చూస్తాను" అంది.

అన్నట్టే వచ్చింది. క్వార్టర్ ఫైనల్ రోజు మూడో వరసలో ఒక పక్క వియ్యపురాలు, ఇంకో పక్క అన్నయ్య, మధ్యలో ఆవిడ. గెలిస్తే సెమీస్, ఓడితే రోకలి పక్కన పొడుగు పిల్ల. అవతల సొంత అక్కాచెల్లెళ్ళ జోడీ. అక్క చెల్లెల్ని కసురుతోంది, చెల్లెలు అక్క మీద ఎగురుతోంది. వాళ్ళ అదృష్టం చూసి నాకు కడుపు మండింది.

మొదటి గేము పోయింది. రెండో గేములోనూ వెనకబడ్డాం. అప్పుడు ఒక షటిల్ తీరిగ్గా, పెళ్ళికి పిలవడానికి వచ్చినట్టు నింపాదిగా మా నడిమధ్యకి వచ్చింది. ఇద్దరం రాకెట్లు పట్టుకుని చూస్తూ నిలబడ్డాం. పడింది. రోకలి ఒకసారి మూడో వరస వైపు చూసి, నా వైపు తిరిగి, "సారీ అండీ" అంది.

అండీ!

ఎనిమిదేళ్ళు నా వెనక నిలబడి ఆడిన మనిషి, జ్వరమొస్తే నా తల ఒళ్ళో పెట్టుకున్న మనిషి, నన్ను అండీ అంటోంది. ఇచ్చిన మాట గుర్తుంది, అమ్మ చూస్తోందనీ తెలుసు. అయినా నా నోరు నా మాట వినలేదు.

"అండీ ఏమిటే, అండీ! నేనేమన్నా బ్యాంకు మేనేజరునా? ఎదురుగా వచ్చి పడితే కొట్టకుండా ఏం చూస్తున్నావే మొద్దూ!"

రోకలి మొహం ముందు తెల్లబోయింది, తర్వాత ఎర్రబడింది.

"నేను మొద్దునా? నువ్వో? నెలల తరబడి గోడబొమ్మలా నిలబడి మీదే మీదే అన్నట్టు చూస్తున్నదెవరు? నెట్ దగ్గర ఈగలా ఉండేదానివి, ఇప్పుడు ఈగలు తోలుకుంటున్నావు! పైగా నా తువ్వాలు వాడి తడిపి పెడుతున్నావు, నాకు తెలియదనుకున్నావా?"

అంపైర్ మా ఇద్దర్నీ పిలిచి, ఇంకోసారి అరిస్తే పసుపు కార్డు తీస్తానని జేబు తట్టి చూపించాడు. బుద్ధిగా తలూపాం. వెంటనే వచ్చిన ర్యాలీలో మళ్ళీ షటిల్ నడిమధ్యకే వచ్చింది. "నాది!" అని అరిచాను. "నాది!" అని అదీ అరిచింది. రెండు రాకెట్లూ టప్పుమని ఢీకొన్నాయి. రెండు ఫ్రేములూ చిట్లాయి, పాయింటు పోయింది. రోకలి పళ్ళన్నీ బయటపెట్టి నవ్వుతోంది. నాకు ఏడుపొచ్చేంత సంతోషం వేసింది.

కొత్త రాకెట్లు తీసుకున్నాం. ఆ తర్వాత అక్కాచెల్లెళ్ళకి చుక్కలు చూపించాం. రోకలి వెనక నుంచి దంచింది, వాళ్ళు వణుకుతూ ఎత్తినవన్నీ నేను నెట్ మీద వాలి చంపాను. మధ్యమధ్యలో గొంతు తగ్గించి తిట్టుకుంటూనే ఉన్నాం. రెండో గేము మాది, మూడోది మరీ సులువుగా మాది. ఆఖరి పాయింటు కూడా నడిమధ్యే. ఈసారి అది ముందు అందుకుంది, నేను వంగి దారిచ్చాను. ఆ దెబ్బకి అవతల చెల్లెలు రాకెట్ కూడా కదపలేదు.

కోచ్ గారు పరుగున వచ్చారు. "ఏం మార్చారు?"

"ఫుట్‌వర్క్ అండీ" అన్నాను. ఆయన చాలా సంతోషించారు. పొడుగు పిల్లకి వేరే జోడీ చూస్తానన్నారు.

అప్పుడు మెట్లు దిగి అమ్మ వచ్చింది. వెనక వియ్యపురాలు, చిట్లిన రెండు రాకెట్లూ చంకలో పెట్టుకుని అన్నయ్య. నేను తల దించుకున్నాను. "మాట తప్పానమ్మా. పదిమందిలో అన్నాను."

అమ్మ నా వైపు చూడలేదు. అన్నయ్య చంకలోంచి రాకెట్లు తీసి, రెండింటి దెబ్బలూ పక్కపక్కన పెట్టి చూసింది.

"ఈ రెండూ కొట్టుకున్నాయే, ఆ షటిల్ ఎవరిది?"

"నాది!" అన్నాం ఇద్దరం ఒక్కసారే.

"నీదెలా అవుతుందే, నా ఫోర్‌హ్యాండ్‌కి కదా వచ్చింది" అని అందుకుంది రోకలి. అని, ఎదురుగా ఉన్నది అత్తగారని గుర్తొచ్చి నాలిక్కరుచుకుంది. ఒక అడుగు వెనక్కి వేసి, కొంగు లేకపోయినా తువ్వాలు భుజం మీద సర్దుకుంది.

అమ్మ బెంచీ మీద మా సంచులు పక్కకి జరిపి కూర్చుంది. కోడల్ని ఇన్నాళ్ళూ "అమ్మా, తల్లీ" అంటూ చుట్టాన్ని చూసినట్టు చూసిన మనిషి, అప్పుడు దాని చెయ్యి పట్టుకుని దగ్గరికి లాక్కుంది.

"ఆగిపోయావేమే? ఇంత గొంతు పెట్టుకుని మనింట్లో ఇన్నాళ్ళూ గుసగుసలాడావా? పూర్తిగా చెప్పు, వింటాను. ఇంటికెళ్ళడానికి నాకేం తొందర లేదు."

రోకలి కళ్ళు తుడుచుకుని, నా తువ్వాలుతోనే ముక్కు చీది, మొదటి పాయింటు దగ్గర్నుంచి మొదలుపెట్టింది.