ఎథెల్ కూతురి గొంతు

పొగ.

పొద్దున్నే పొగ వాసన... ఇంగ్లండు తీరాన గ్రిమ్స్‌బీ రేవులో చేపలకు పట్టించే పొగ. కింద రంపపు పొట్టు నిదానంగా రాజుకునేది. పైన వరసలు వరసలుగా వేలాడే చేపలు పచ్చబడేవి. ఆ పొగ వీధుల్లోకి దిగేది. కిటికీ తెరల్లోకి. రొట్టెలోకి. ఆడపిల్లల జుట్టులోకి.

పొగ పైన సీగల్ పక్షుల అరుపులు.

మావిస్ ఆ పొగలోనే పుట్టింది. ఆ అరుపులను మించి అమ్మను పిలవడం నేర్చుకుంది.

పెద్ద గొంతు. గరుకు గొంతు. రేవు ఈ చివర నుంచి పిలిస్తే, ఆ చివర చేపలు కోస్తున్న ఎథెల్ తల ఎత్తేది.

"అదుగో, నా పిల్ల," అనేది పక్కింటి విన్నీతో.

"పిల్లా అది? ఓడ కూతనుకున్నా," అనేది విన్నీ.

పంతొమ్మిదో ఏట మావిస్ లండన్ వెళ్లింది. ఎవరో ఫోటోలు తీసేవాడు ఆమె పొడవూ మెడా చూసి రమ్మన్నాడు.

ఆ రోజు ఎథెల్ ఇంట్లో చేతిరుమాలు కూడా తడపలేదు.

తమ ఇంట్లోంచి మనిషి బయల్దేరే రోజున ఆ వీధిలో ఎవరూ బట్టలు ఉతకరు. ఉతికితే వెళ్లినవాళ్లను నీళ్లు తీసుకుపోతాయి. మావిస్ తండ్రి ఓడెక్కిన రోజున ఎథెల్ పసిదాని గుడ్డ ఒక్కటి — ఒక్కటే — పిండి ఆరేసింది.

ఆ ఓడ తిరిగి రాలేదు.

దేవుడు అంత చిన్న గుడ్డను కూడా లెక్కలోకి తీసుకుంటాడా? ప్రార్థన మందిరంలో మోకరిల్లినప్పుడల్లా ఎథెల్ అదే అడిగేది.

లండన్‌లో మావిస్‌కు కొత్త పేరు పెట్టారు. సెలీనా వేన్. కోట్లు తొడిగారు, టోపీలు పెట్టారు. కదలకు. ఊపిరి బిగబట్టు. మాట్లాడకు.

ఆరేళ్లు మాట్లాడలేదు.

ఆ బొమ్మలున్న పుస్తకాలు ఇంటికి వచ్చేసరికి ఎథెల్ కళ్లకు పొర కమ్మింది. తెల్లగా. పొగలాగే.

"ఏం తొడుక్కుందే?" అని అడిగేది.

"నీలం కోటు. బొత్తాలే లేవు. చలికి చస్తుంది పిల్ల," అని చెప్పేది విన్నీ.

అప్పుడొచ్చింది సినిమా.

ఒకే ఒక్క సన్నివేశం. మెట్లు దిగాలి. కిటికీ దగ్గర నిలబడాలి. "ఆయన తిరిగి వస్తారు. దీపం ఆర్పకండి" అనాలి. అంతే.

తండ్రి కోసం అమ్మ ఎదురుచూసిన రాత్రులన్నీ మావిస్ ఆ రెండు మాటల్లో పెట్టింది. ఆ రోజే ఉత్తరం రాసింది: "చూడలేకపోతేనేం అమ్మా, ఈసారి వినొచ్చు."

ఆమె మాట విన్న దర్శకుడు ఇలా అన్నాడు: "ముఖం బంగారం. నోరు తెరిస్తే మాత్రం చేపల బజారు."

అందరూ నవ్వారు. మావిస్ కూడా నవ్వింది.

ఆ నవ్వే చేదు. చివరిదాకా నాలుక మీద ఉండిపోయిన చేదు.

తర్వాత ఎవరో పెద్దింటి గొంతున్న ఆమె, తెర మీద మావిస్ పెదవులు చూస్తూ, ఆ మాటలు చెప్పింది. మావిస్‌కు ఎవరూ చెప్పలేదు. సినిమా వేసి చూపించిన రోజునే తెలిసింది.

అప్పటికి ఎథెల్ తన కూతురు సినిమాలో మాట్లాడుతుందని రేవంతా చెప్పేసింది.

గ్రిమ్స్‌బీలో శనివారం మధ్యాహ్నం ఆట. అమ్మతో నిజం చెప్పాలనే మావిస్ రైలెక్కింది. టీ తాగేటప్పుడు చెబుదామనుకుంది... అమ్మ మంచి టోపీ వెతుక్కుంటోంది. దారిలో చెబుదామనుకుంది... అమ్మ నవ్వుతోంది.

హాల్లో వెనకా ముందూ రేవు ఆడవాళ్లే. మావిస్ చేయి అమ్మ చేతిలో ఉంది.

"మెట్లు దిగుతోంది," విన్నీ గుసగుసలాడింది. "కిటికీ దగ్గరికొచ్చింది. ఎథెల్, ఇదిగో, ఇప్పుడే!"

ఎథెల్ టోపీ తీసి ఒళ్లో పెట్టుకుంది. చెవికి అడ్డం రాకుండా.

"ఆయన తిరిగి వస్తారు. దీపం ఆర్పకండి."

తేనె లాంటి గొంతు. పొగ తగలని గొంతు.

ఎథెల్ ఇంకా ఎదురుచూస్తోంది.

"మా మావిస్ ఎప్పుడొస్తుంది?" గట్టిగానే అడిగింది.

ముందు వరసలో ఎవరో కిసుక్కున నవ్వారు.

"అయిపోయింది ఎథెల్. ఇప్పుడు మాట్లాడింది తనే," అంది విన్నీ.

"కాదు. అదెవరో దొరసాని."

ఎథెల్ మెల్లగా తన చేయి తీసేసుకుంది.

ఇంటికెళ్లే దారిలో అడిగింది. "అది నువ్వు కాదని ఒక్కమాట చెప్పు. చాలు."

నా గొంతు వాళ్లకు పనికిరాలేదమ్మా, నువ్విచ్చిన గొంతు... ఆ మాట ఎలా వస్తుంది నోటికి?

"నేనే అమ్మా," అంది మావిస్.

"నాకు పోయింది కళ్లే తల్లీ, చెవులు కాదు." టోపీ మళ్లీ తలకు పెట్టుకుంది. "సరే. రేపు ప్రార్థనలో నా పక్కన నిలబడి పాడు. వాళ్లందరూ వినాలి."

ఆదివారం. పాట మొదలైంది. నిన్న హాల్లో ఉన్న ముఖాలన్నీ వెనక్కి తిరిగాయి. మావిస్ నోరు తెరిచింది.

చేపల బజారు.

పెదవులు మాత్రమే కదిలాయి. అందంగా, ఒక్క అక్షరం తప్పకుండా.

ఎథెల్ పాడటం ఆపింది. కూతురి వైపు చెవి వంచింది. పాట అయిపోయేదాకా అలాగే వంచి నిలబడింది.

దేవుడు పిలిచిన రోజున మనిషి ఏ గొంతుతో పలకాలి? అరువు తెచ్చుకున్నదాన్ని ఆయన గుర్తుపడతాడా?

సోమవారం. మావిస్ పెట్టె మూసింది. వంటింట్లోంచి నీళ్ల చప్పుడు.

ఎథెల్ నీళ్ల తొట్టి ముందు నిలబడి ఉంది. చేతులు మోచేతుల దాకా నురగలో. మావిస్ రాత్రి తల పెట్టుకున్న దిండు గలీబు ఉతుకుతోంది.

"అమ్మా... ఇవాళ నేను వెళ్తున్నాను."

"సోమవారం కదా. వీధంతా ఉతుకుతుంది," అంది ఎథెల్, తల తిప్పకుండా.

మరిచిపోయిందా? రోజు తెలియలేదా? తెలిసే ఉతుకుతోందా?

మావిస్ వీధి చివరిదాకా నడిచింది. ఆరేసిన దుప్పట్ల కింద నుంచి నడిచింది. అక్కడ పెట్టె కింద పెట్టి, వెనక్కి తిరిగి —

"అమ్మా!"

పెద్ద గొంతు. గరుకు గొంతు. ఇళ్ల కప్పుల మీది సీగల్స్ అన్నీ ఒక్కసారిగా లేచి అరిచాయి.

ఆ అరుపుల్లో, నీళ్ల చప్పుడు ఆగిందో లేదో వినబడలేదు.

తలుపు దగ్గర ఎవరైనా ఉన్నారో లేదో కనబడలేదు.

పొగ...