సుడోకు మొక్కు

దేవుళ్ళందరికీ మొక్కడం అయిపోయాక నేను సుడోకుకి మొక్కాను. నవ్వుకుంటే నవ్వుకోండి, నాకేం. మా హారిక అప్పటికి ఒక పగలూ ఒక రాత్రీ కళ్ళు తెరవలేదు. సింహాచలం అప్పన్నకి చెప్పుకున్నాను, పుట్టింటి పైడితల్లికి చెప్పుకున్నాను, ఆసుపత్రి వరండాలో ఎవరో తగిలించిన క్యాలెండర్లో ఉన్న ఏసుప్రభువుకి కూడా దండం పెట్టాను. ఇంకెవరూ మిగల్లేదు.

మాది డుంబ్రిగుడలో కిరాణా కొట్టు. నేనూ మా ఆయన లక్ష్మణరావూ ఎస్.కోట నుంచి కొండెక్కి వచ్చి పదిహేనేళ్ళయింది. హారిక ఒక్కతే మాకు, తొమ్మిదేళ్ళు. మూడు రోజులు జ్వరం వస్తే మామూలు జ్వరమేలే అని కొట్లో ఉన్న మాత్రలు వేసింది నేనే. నాలుగో రోజు పొద్దున్న పళ్ళు తోముకుంటూ పడిపోయి కాళ్ళూ చేతులూ కొట్టుకుంది. ఆసుపత్రిలో రక్తం చూసి, మలేరియా మెదడుకెక్కిందన్నారు. ఇంజెక్షన్లు మొదలుపెట్టారు. రెండు మూడు రోజుల్లో తెలివి రావాలి, రాకపోతే విశాఖ పంపిస్తాం, అక్కడైనా ఏమవుతుందో ఇప్పుడే చెప్పలేం అన్నాడు డాక్టరు.

పక్క మంచం మీద సోని అని ఇంకో పిల్ల. అదే జ్వరం, అదే సెలైను, ఇంచుమించు అదే వయసు. దాని తల్లి నూకరత్నం మా ఊరికి అవతల కొండ మీద ఉంటుంది. సంతనాడు మా కొట్టుకొచ్చి ఉప్పూ సబ్బులూ కొనుక్కెళ్ళే మనిషే. నన్ను సావుకారమ్మా అని పిలుస్తుంది. మా ఎస్.కోట వైపు అక్కని అప్పా అంటాం గానీ, తనని నేను ఎప్పుడూ అలా పిలిచింది లేదు. చదువు రాదు గానీ అంకెలు వచ్చు, ఫోను నొక్కడం కోసం నేర్చుకుందట.

మా ఆయనకి ఏడుపొస్తే కొట్లోకి పోతాడు. ఆ పొద్దున్న కూడా ఇడ్లీల పొట్లమూ పేపరూ నా చేతిలో పెట్టి, బట్టలు తెస్తానని వెళ్ళిపోయాడు. పేపరు చివరి పేజీలో సుడోకు ఉంది. అడ్డం తొమ్మిది గళ్ళు, నిలువు తొమ్మిది గళ్ళు. కొన్నిట్లో అంకెలు వాళ్ళే వేసి ఉంచుతారు, మిగతావి మనం నింపాలి. ఒకటి నుంచి తొమ్మిది దాకా ఏ అంకె అయినా ఒక అడ్డ వరసలో గాని, ఒక నిలువు వరసలో గాని, తొమ్మిదేసి గళ్ళున్న చిన్న చదరంలో గాని రెండుసార్లు రాకూడదు. హారిక రోజూ చేసేది. నీకూ నేర్పుతానే అమ్మా అంటే, పొయ్యి మీద కూర మాడిపోతోంది పొమ్మనేదాన్ని.

పెన్ను తీసుకుని, ఇది పూర్తిగా నిండితే నా పిల్ల కళ్ళు తెరుస్తుంది అనుకున్నాను. ఎవరూ చెప్పలేదు, నాకు నేనే అనుకున్నాను. అనుకున్న మరుక్షణమే ఎంత పిచ్చిపని చేశానో తెలిసింది, కానీ వెనక్కి తీసుకోవడం ఇక నా వల్ల కాలేదు. తీసుకుంటే ఏమవుతుందోనని భయం.

నాకు మొదట్నుంచీ ఓపిక తక్కువ. ఖాళీ కనిపించిన చోట, అప్పటికి కుదిరినట్టున్న అంకె వేసేశాను. బాగానే నిండుతోంది కదా అని ధైర్యం కూడా వచ్చింది. మధ్యాహ్నానికి మూడో నిలువు వరసలో రెండు ఏడులు కనిపించాయి. సరిగ్గా అప్పుడే హారిక గొంతులో గురక లాంటి చప్పుడు మొదలైంది. నర్సు హేమలత పరిగెత్తుకొచ్చి, పిల్లని పక్కకి తిప్పి, నోట్లో కఫం తీసి, ఏం కాలేదు, ఇలా అవుతుంటుంది అని చెప్పి వెళ్ళింది. నేను నమ్మలేదు. ఆ రెండో ఏడు రాసింది నేను. నా పిల్లని నేనే చంపుకుంటున్నాను అనిపించింది.

నూకరత్నం లేచి వచ్చి నా భుజం మీంచి కాగితం చూసింది. ఏం చేస్తున్నావని అడిగితే నియమాలు చెప్పాను, మొక్కు సంగతి మాత్రం చెప్పలేదు. తను చాలాసేపు చూసింది.

"ఇదేటమ్మా, మా ఇంటిపేర్ల లెక్కలాగే ఉంది," అంది. "కిల్లోవోలు కిల్లోవోల్ని సేసుకోరు, పాంగివోలు పాంగివోల్ని సేసుకోరు. ఒకే ఇంటిపేరోలు ఒక పందిట్లో పెళ్ళికి కూకోరు. గడిలో ఎవుల్ని ఎట్టాలా అని సూడకు. ఎవుల్ని ఎట్టకూడదో ముందు తీసెయ్యి."

చదువు రాని మనిషి నాకు పాఠం చెప్పడమేమిటని ఒళ్ళు మండింది. అయినా ఆ భయంలో పొగరు ఎంతసేపు నిలబడుతుంది, కాస్త జరిగి చోటిచ్చాను. నేను రాసిన వాటిలో తెలిసి రాసినవి ఎన్ని, ఊరికే రాసినవి ఎన్ని అని అడిగింది. దాదాపు అన్నీ ఊరికే రాసినవే. హేమలతని అడిగి సెలైను సూదికి అంటించే తెల్ల ప్లాస్టరు తెచ్చుకున్నాం. చిన్న చిన్న ముక్కలు కత్తిరించి నా అంకెలన్నిటి మీదా అంటించాను. పేపరువాడు వేసినవి మాత్రం మిగిలాయి.

అప్పుడు నేర్చుకున్నాను, నిజంగా. ఒక గడి మీద నూకరత్నం వేలు పెట్టేది. ఆ అడ్డ వరసలో ఉన్నవాళ్ళని తీసేసేది, నిలువు వరసలో వాళ్ళని తీసేసేది, చదరంలో వాళ్ళని తీసేసేది. ఒక్కడు మిగిలితే రాయమనేది. ఇద్దరు మిగిలితే, ఇప్పుడొద్దు, తర్వాత వద్దాం అని ఇంకో గడికి పోయేది. ఇద్దరు మిగిలినప్పుడల్లా నా పెన్ను ముందుకి దూకేది, తను నా చెయ్యి పట్టుకుని ఆపేది. మధ్యమధ్య లేచి సోని కాళ్ళు తడిమి వచ్చేది. నేను హారిక నుదురు తడిమి వచ్చేదాన్ని. రెండు నుదుళ్ళూ కాలుతూనే ఉన్నాయి.

సాయంత్రానికి తొమ్మిది గళ్ళు మిగిలాయి. నూకరత్నం పెన్ను కోసం చెయ్యి చాపింది, తను కూడా ఒకటి రాసి చూస్తానని. అప్పుడు నాకు ఇంకో భయం పట్టుకుంది. కాగితం ఒక్కటే, పిల్లలు ఇద్దరు. చివరి అంకె తన చేత్తో పడితే ఆ ఫలం సోనికి పోతుందేమో. డాక్టరు వస్తున్నాడని చెప్పి కాగితం మడిచి హారిక తలగడ కింద పెట్టేశాను. డాక్టరు వచ్చేది ఎనిమిదింటికని ఇద్దరికీ తెలుసు. నూకరత్నం సోని మంచం దగ్గరికి వెళ్ళి కూర్చుంది. సిగ్గుపడాల్సిన సమయమే అది. నాకు సిగ్గు రాలేదు.

మర్నాడు పొద్దున్న ఒక్కదాన్నే పూర్తి చేద్దామని కాగితం తీశాను. విప్పుతుండగానే హారిక చెయ్యి కదిలింది. కళ్ళు తెరిచి, నన్ను గుర్తుపట్టి, దాహం అంది. నోట్లో నీళ్ళు పోస్తే భళ్ళున వాంతి చేసుకుంది. చేతిలో ఏముందో చూసుకోకుండా దాంతోనే మూతీ మెడా తుడిచి బకెట్లో పడేశాను. ఏడుస్తూ, నవ్వుతూ, మా ఆయనకి ఫోను చేస్తూ ఉన్నాను. డాక్టరు వచ్చి టార్చి వేసి చూసి, గండం గడిచిందమ్మా అన్నాడు. తర్వాత పక్క మంచానికి వెళ్ళి అక్కడ చాలాసేపు నిలబడ్డాడు. సోనిని విశాఖ తీసుకెళ్ళాలి, గంటలో అంబులెన్సు వస్తుంది అని చెప్పాడు.

నూకరత్నం బట్టలు మూట కట్టుకుని నా దగ్గరికి వచ్చింది. హారిక బుగ్గ నిమిరింది. తర్వాత గొంతు తగ్గించి అడిగింది.

"నీ గుంట లెగిసింది కదా సావుకారమ్మా. ఇంక ఆ కాయితం నాకియ్యి. తొమ్మిదే మిగిలాయి."

తనకి తెలుసు. నేనెందుకు దాచుకున్నానో నిన్ననే తెలుసు. తెలిసీ నా పిల్ల లేచేదాకా అడగకుండా ఆగింది. నేను బకెట్ వైపు చూశాను, తనూ చూసింది. తిట్టి ఉంటే బాగుండేది. "పోనీలేమ్మా," అని మూట ఎత్తుకుంది. అంబులెన్సు ఎక్కేముందు నా ఫోను నంబరు అడిగి తీసుకుంది, తనదీ ఇచ్చింది.

హారిక ఆ రోజు జావ తాగింది, మర్నాడు లేచి కూర్చుంది. నాకు మాత్రం భయం పోలేదు. అది ఇప్పుడు సోని కోసం. ఫోను మోగితే ఉలిక్కిపడేదాన్ని, మోగకపోయినా ఉలిక్కిపడేదాన్ని. మూడో రోజు పదకొండింటికి నూకరత్నం నంబరు కనిపించింది. ఎత్తడానికి భయపడి హారిక వైపు చూశాను. ఇక మోగడం ఆగిపోతుందనగా ఎత్తాను.

"సోని ఇంకా లెగలేదమ్మా," అంది. "ఇక్కడెవులో పేపరు పారేత్తే తీసాను. ఆ గళ్ళు ఇందులోనూ ఉన్నాయి. నాకు సెయ్యి వొణికిపోతోంది, అంకె తిన్నగా పడట్లేదు. వోళ్ళేసినవి నేను సెప్తాను, నువ్వు రాసుకో. ఇద్దరం సేత్తే బేగి అవుతాది."

హారిక నోటుబుక్కులో చివరి పేజీ తిప్పి గీతలు గీశాను.

"మొదటి వరస చెప్పు, అప్పా," అన్నాను.